నీళ్లు + ఎండ = హైడ్రోజన్? మరి ఆక్సిజన్ ఎక్కడ?

"ఈ పొడి నీళ్లలో వేసి ఎండలో పెడితే హైడ్రోజన్ ఇంధనం రెడీ" అనే హెడ్‌లైన్లు మీ ఫీడ్‌లో కూడా వచ్చే ఉంటాయి. అది ఫేక్ కాదు. కానీ అందులో ఒక ముఖ్యమైన విషయం మిస్ అవుతుంది. ఈరోజు దాని గురించే మాట్లాడుకుందాం.

అసలు ఇది ఎందుకు కావాలి? హైడ్రోజన్ మండితే వచ్చేది నీరే. కానీ ఇప్పుడు ప్రపంచంలో తయారయ్యే హైడ్రోజన్‌లో చాలావరకు సహజవాయువు, బొగ్గు నుంచే వస్తోంది. అంటే తయారీలోనే బోలెడంత కార్బన్ డయాక్సైడ్ గాల్లో కలుస్తోంది.

1972లో జపాన్ శాస్త్రవేత్తలు ఫుజిషిమా, హోండా టైటానియం డయాక్సైడ్ వాడి, కాంతితో నీటిని విడగొట్టొచ్చని చూపించారు. తెల్ల పెయింట్లలో ఉండేది ఈ పదార్థమే. సమస్య ఏంటంటే, దానికి యూవీ కాంతి కావాలి. ఎండలో యూవీ సుమారు 5 శాతమే. అందుకే మామూలు వెలుతురుతో పనిచేసే పాలిమర్ల మీద పరిశోధన మొదలైంది. వీటిలో చిన్న చిన్న అణువుల ముక్కలు మార్చి, మనకు కావాల్సినట్టు డిజైన్ చేసుకోవచ్చు.

మరి పాలిమర్‌లో రంధ్రాలు ఎందుకు? కాంతి పడగానే ఒక ఎలక్ట్రాన్ తన చోటు నుంచి లేస్తుంది, అక్కడ ఒక ఖాళీ మిగులుతుంది. ఈ జంటకి ఓటీపీ లాగా టైమ్ లిమిట్ ఉంటుంది. కొన్ని నానోమీటర్లు వెళ్లేలోపే మళ్లీ కలిసిపోతాయి, ఎనర్జీ వేస్ట్. పదార్థం గట్టి ముద్దలా ఉంటే లోపల పుట్టిన ఎలక్ట్రాన్ బయట ఉన్న నీటిని చేరలేదు. ఇడ్లీలోకి సాంబార్ దిగినట్టు నీళ్లే లోపలికి దిగితే పని అయిపోతుంది.

2018లో బ్రిటన్‌లోని లివర్‌పూల్ యూనివర్సిటీ టీమ్ ఇలాంటిదే చేసింది. ఆ పొడి ఒక్క గ్రాములో ఉన్న లోపలి ఉపరితలం మొత్తం పరిస్తే పావు ఎకరం దాటుతుంది! రంధ్రాలుంటే సరిపోదు, అవి నీటిని పీల్చుకోవాలి కూడా. అందుకే నీటికి దగ్గరయ్యే సల్ఫోన్ అనే భాగాన్ని అందులో పెట్టారు. హైడ్రోజన్ బాగానే వచ్చింది.

ఇప్పుడు అసలు పాయింట్. ఎలక్ట్రాన్ హైడ్రోజన్ ఇచ్చింది సరే, ఆ ఖాళీని ఎవరు నింపాలి? నిజానికి నీరే నింపి ఆక్సిజన్ ఇవ్వాలి. అది చాలా కష్టమైన స్టెప్. అందుకే ల్యాబ్‌లో ఎలక్ట్రాన్లు సులువుగా ఇచ్చేసే ఇంకో పదార్థం కలుపుతారు. లివర్‌పూల్ ప్రయోగంలో అది విటమిన్ సి. దానితోపాటు కొంచెం ప్లాటినం కూడా వాడారు.

లెక్క చూడండి. ఒక హైడ్రోజన్ అణువుకి రెండు ఎలక్ట్రాన్లు కావాలి, ఒక విటమిన్ సి అణువు ఇచ్చేది కూడా రెండే. అంటే 1 కిలో హైడ్రోజన్‌కి సుమారు 88 కిలోల విటమిన్ సి ఖర్చు! ఇంధనంగా ఇది వర్కవుట్ అవుతుందా?

అలాగని ఇది మోసం కాదు. మా సాఫ్ట్‌వేర్ భాషలో చెప్పాలంటే యూనిట్ టెస్ట్ పాస్ అయింది, మొత్తం యాప్ ఇంకా రన్ కాలేదు. 2021లో జపాన్ టీమ్ 100 చదరపు మీటర్ల ప్యానెళ్లతో, ఏమీ కలపకుండా నీటి నుంచే రెండు వాయువులూ తీసింది. అది పాలిమర్ కాదు, స్ట్రాన్షియం టైటనేట్. అక్కడ కూడా ఎండలోని శక్తిలో హైడ్రోజన్‌గా మారింది గరిష్ఠంగా 0.76 శాతమే.

కాబట్టి ఈసారి అలాంటి హెడ్‌లైన్ కనిపిస్తే, షేర్ కొట్టేముందు ఒక్క ప్రశ్న అడగండి: "ఆక్సిజన్ కూడా వచ్చిందా?" రాకపోతే, నీళ్లతోపాటు ఇంకేదో ఖర్చవుతోందని అర్థం.