ఢిల్లీలో ‘సమా’ అంటే సామలు కావు: చిరుధాన్యాలను ఎలా గుర్తించాలి? ఎలా వండాలి?

న్యూఢిల్లీ: నవరాత్రులు వచ్చాయంటే దేశ రాజధాని ప్రాంతంలోని కిరాణా దుకాణాల్లో ‘సమా కే చావల్’ పొట్లాలు బారులు తీరుతాయి. ఉపవాస దినాల్లో బియ్యం, గోధుమలు మానేసేవారు ఈ గింజలను వండుకుంటారు. పేరు వినగానే ఇక్కడి తెలుగువారు వీటిని సామలుగా పొరబడటం సహజం. నిజానికి ఇవి ఊదలు.

తెలుగువారి సామలను హిందీలో ‘కుట్కీ’ అంటారు. కొర్రలు ‘కంగనీ’, అరికెలు ‘కోదో’, వరిగలు ‘చీనా’. పొట్లంపై ‘లిటిల్ మిల్లెట్’ అని ఉంటే సామలు, ‘బార్న్‌యార్డ్ మిల్లెట్’ అని ఉంటే ఊదలు.

భారత్ ప్రతిపాదన మేరకు ఐక్యరాజ్యసమితి 2023ను అంతర్జాతీయ చిరుధాన్యాల సంవత్సరంగా ప్రకటించింది. అదే ఏడాది సెప్టెంబరు 1 నుంచి 15 రకాల చిరుధాన్యాలకు దేశంలో ఉమ్మడి నాణ్యతా ప్రమాణాలు అమల్లోకి వచ్చాయి. తేమ, పుచ్చు గింజలు, ఇతర ధాన్యాల కల్తీ వంటి వాటికి ఇవి పరిమితులు విధించాయి.

పేరు తెలిస్తే సరిపోదు, గింజనూ పరిశీలించాలి. కొర్రలు, సామలు, ఊదల పైపొట్టు తినడానికి పనికిరాదు కనుక దాన్ని తీయక తప్పదు. దాని కింది తవుడు పొర నిలిస్తేనే అవి ముడిధాన్యాలు. పీచు, ఖనిజ లవణాలు, బి విటమిన్లలో అధిక భాగం ఆ పొరలోనే ఉంటుంది. పాలిష్ పడితే అది పోతుంది. అందువల్ల మరీ నున్నగా, తెల్లగా మెరిసే గింజల కంటే మసక రంగువి మేలు. తవుడులోని నూనె వల్ల ఇవి త్వరగా ముక్కిపోతాయి కాబట్టి కొద్దికొద్దిగా కొనుక్కోవాలి.

వండే పద్ధతి సులభమే. గ్లాసు కొర్రలను కడిగి రెండు గంటలు నానబెట్టి, ఆ నీటిని వంపేయాలి. రెండు గ్లాసుల నీటిని మరిగించి, తగినంత ఉప్పు, గింజలు వేసి మూతపెట్టాలి. సన్నని సెగపై 12 నుంచి 15 నిమిషాల్లో నీరు ఇగిరిపోతుంది. దించాక మరో 10 నిమిషాలు మూత తీయకుండా ఉమ్మగిలనిస్తే అన్నం పొడిపొడిగా వస్తుంది. ఆవాలు, ఎండుమిర్చి, కరివేపాకుతో పోపు పెట్టి నిమ్మరసం పిండితే పప్పు, కూరల పక్కన చక్కగా ఇముడుతుంది. సామలు, ఊదలనూ ఇలాగే వండవచ్చు. జొన్నల వంటి పెద్ద గింజలను మాత్రం రాత్రంతా నానబెట్టి కుక్కరులో ఉడికించాలి.

చిరుధాన్యాల్లోనూ పిండిపదార్థం గణనీయంగానే ఉంటుంది. మధుమేహం ఉన్నవారు వీటిని కూడా మితంగానే తీసుకోవాలి.