కాటాకు దొరకని ఎత్తు

పత్తి తూగదు. అందుకే లారీ మీద అది పైకి పెరుగుతుంది. తుళ్లూరు, పెదపరిమి నల్లరేగళ్లలో పత్తితీతల రోజుల్లో లోడు కట్టడం చూసినవాళ్లకు ఈ సంగతి కొత్త కాదు. తొట్టి నిండాక ఒకడు పైకెక్కి తొక్కుతుంటాడు, ఇద్దరు కింది నుంచి బోరేలు అందిస్తుంటారు. క్యాబిన్ కప్పు దాటి ఒక వరస, దాని మీద ఇంకో వరస. పట్టా కప్పి, మోకులు బిగించి, క్లీనరు కిందికి దూకేసరికి బండి ఎత్తెంతో డ్రైవరుకే తెలియదు. బరువెంతని అడగండి, కిలోలతో సహా చెబుతాడు. కాటా చీటీ జేబులోనే ఉంటుంది. గుంటూరు యార్డుకు పోయే మిర్చి టిక్కీల లోడుదీ దాదాపు ఇదే తంతు.

ఎత్తు సంగతి బయటపడేది రైలు వంతెన దగ్గర.

2025 మార్చి నడిమధ్యలో ఓ ఆదివారం రాత్రి అనకాపల్లి దగ్గర విజయరామరాజుపేట అండర్‌బ్రిడ్జి వద్ద అలాగే బయటపడింది. క్వారీ రాళ్ల లారీ ఒకటి అక్కడి రక్షణ గడ్డర్‌ను గుద్దింది. ఆ దెబ్బకు పైన పట్టాలు పక్కకు జరిగాయి. అటుగా వస్తున్న గూడ్స్ రైలు లోకో పైలట్ గమనించి బండి ఆపబట్టి గండం గడిచింది. విశాఖపట్నం–విజయవాడ మార్గంలో రైళ్లు కశింకోటలో కొన్ని, యలమంచిలిలో కొన్ని నిలిచిపోయాయి. ఒక్క లారీ చేసిన పనికి వందల మంది ప్రయాణికులు అర్ధరాత్రి పట్టాల మీద జాగారం చేశారు.

రైలు బరువును మోసే వంతెనకు లారీ ఒక లెక్కా అనిపించవచ్చు. రైలు బరువు పైనుంచి కిందికి దిగుతుంది, గడ్డర్‌ను కట్టిందే దానికోసం. లారీ దెబ్బ పక్క నుంచి తగులుతుంది. దిమ్మె మీద కూర్చున్న గడ్డర్ కాస్త కదిలినా దాని మీది పట్టా వంకర పోతుంది. అది పట్టా మీద వచ్చే లోకో పైలట్‌కు ముందే కనపడుతుందన్న భరోసా లేదు, చీకట్లో అసలే లేదు. అందుకే గుద్దిన కబురు అందగానే రైళ్లు ఆపేస్తారు. ఇంజినీరు వచ్చి గడ్డర్, బేరింగు, పట్టాల వరస చూసి సరేనన్నాకే బండ్లు కదులుతాయి, అదీ మొదట నెమ్మదిగానే. రైల్వే వాళ్లు దాన్ని కాషన్ ఆర్డర్ అంటారు. లైను మీది జాప్యం తరవాత స్టేషన్లన్నిటికీ పాకుతుంది.

ఇలాంటి వంతెనలు ఇన్ని ఎందుకొచ్చాయంటే, గేట్లు పోయాయి కాబట్టి. బ్రాడ్‌గేజ్ మీద కాపలాలేని గేట్లన్నిటినీ 2019 జనవరి నాటికి ఎత్తేశారు. మంచి పనే. కాపలా ఉన్న గేటూ క్షేమమేమీ కాదు. 2015 ఆగస్టు 24 తెల్లవారుజామున పెనుకొండ దగ్గర గ్రానైట్ లారీ మడకశిర గేటును దూసుకొచ్చి బెంగళూరు–నాందేడ్ ఎక్స్‌ప్రెస్‌ను ఢీకొంది. చనిపోయినవారిలో కర్ణాటకలోని దేవదుర్గ ఎమ్మెల్యే వెంకటేశ్ నాయక్ కూడా ఉన్నారు. గేట్లు తీసేసిన చోట్ల చాలావరకు ఎత్తు తక్కువ సబ్‌వేలు వేశారు. లోతుగా తవ్వితే ఖర్చు, పైగా వానాకాలం నీళ్లు నిలుస్తాయి. గుంటూరు మూడు వంతెనల కింద వాన పడితే ఏమవుతుందో ఊళ్లో ఎవరినడిగినా చెబుతారు. అలా కారూ ట్రాక్టరూ దూరే కంతలు మిగిలాయి. వాటి కిందే ఏటికేడాది తారు మీద తారు పోస్తారు. రోడ్డు లేస్తుంది, బోర్డు మీది అంకె మాత్రం పాతదే ఉంటుంది.

కరెంటు లైనున్న గేట్ల దగ్గర కనిపించే ఇనుప చట్రం, హైట్ గేజ్, 4.67 మీటర్ల ఎత్తులో ఉంటుంది. పైన తీగలో పారేది 25 వేల వోల్టులు. మామూలు సరకు లారీకి చట్టం ఇచ్చిన ఎత్తు 4 మీటర్లు. అంటే గేజ్‌కు లోడు తగిలిందంటే ఆ బండి చట్టాన్ని ఎప్పుడో దాటేసిందన్నమాట. మోటారు వాహనాల చట్టం 194వ సెక్షన్ ప్రకారం ఎత్తు మీరిన లోడుకు 20 వేల రూపాయల జరిమానా, పైగా సరకు దించే ఖర్చు కూడా బండివాళ్లదే. కానీ దారిలో ఎత్తు కొలిచేవాడు ఏడీ? నెపమంతా డ్రైవరు మీదికి పోతుంది. కిరాయి ట్రిప్పు లెక్కన మాట్లాడుకుని, ‘ఇంకో వరస వెయ్యండ్రా’ అన్న మనిషి పేరు కేసులో రాదు. నన్నడిగితే మొదటి ముద్దాయి ఆయనే.

ఈ జాడ్యం మనకొక్కరికే కాదు. బ్రిటన్‌లో రైలు వంతెనలను ఏటా 1,500కు అటూఇటూగా వాహనాలు గుద్దుతాయి. అమెరికాలో నార్త్ కరోలినా రాష్ట్రం డర్హమ్‌లో 11 అడుగుల 8 అంగుళాల వంతెన ఒకటుంది. లారీల కప్పులు డబ్బా మూతల్లా లేచిపోతుంటే ఎదుటి ఆఫీసు మనిషి 2008 నుంచి కెమెరా పెట్టి లోకానికి చూపించాడు. హెచ్చరిక బోర్డులు, లైట్లు పెట్టారు, 2019లో వంతెనను 8 అంగుళాలు లేపారు. గుద్దడం మాత్రం ఆగలేదు. బోర్డు ఒక్కటే చాలదని దీన్నిబట్టి తేలింది. బ్రిటన్ పద్ధతి ఒకటి మాత్రం మనం తెచ్చుకోవచ్చు: 3 మీటర్లు దాటిన బండికి, దాని ఎత్తు డ్రైవరు కంటి ముందు క్యాబిన్‌లో రాసి ఉండాలి.

తుళ్లూరుకు ఇదంతా ఎందుకంటే, రైలు ఇప్పుడు ఇటే వస్తోంది. ఎర్రుపాలెం నుంచి అమరావతి మీదుగా నంబూరుకు 57 కిలోమీటర్ల కొత్త లైనుకు 2024 అక్టోబరు 24న కేంద్ర మంత్రివర్గం ఆమోదం తెలిపింది. అంచనా 2,245 కోట్లు, కృష్ణ మీద 3.2 కిలోమీటర్ల వంతెన. కొత్త లైనుకు గేట్లు పెట్టరు కాబట్టి దారి అడ్డొచ్చిన చోటల్లా పైవంతెనో కిందివంతెనో తప్పదు. ఒకపక్క రాజధాని పనుల టిప్పర్లు, క్రేన్లు. మరోపక్క మెట్ట పొలాల నుంచి మిల్లులకు, కోల్డ్ స్టోరేజీలకు పోయే లోడు లారీలు. కంతలు తవ్వి, తరవాత డ్రైవర్లను తిట్టే పని ఇక్కడ కూడా పెట్టుకోవద్దు. గీత కాగితం మీద ఉండగానే లోడు లారీ నిండుగా పట్టే ఎత్తు ఖాయం చేయాలి. యార్డు, జిన్నింగ్ మిల్లు, క్వారీ గేట్ల దగ్గర కాటా పక్కనే 4 మీటర్ల ఇనుప చట్రం నిలబెట్టాలి. దానికయ్యే ఖర్చు ఎంతో కాదు.

డ్రైవరు తమ్ముళ్లకు ఒక్క మాట. వంతెనకు లోడు తగిలితే చీకట్లో బండి వెనక్కి తీసుకుని జారుకోకండి. గోడ మీద వంతెన నంబరు ఉంటుంది. అది చూసి వెంటనే 139కి ఫోన్ చేసి చెప్పండి.