ఊరివాళ్లే నటులు

రష్యన్ సినీ దర్శకుడు ఆంద్రేయ్ తండ్రి సెర్గేయ్ మిఖల్కోవ్ సోవియట్ జాతీయగీతం రాసిన కవుల్లో ఒకరు. 1943లో స్టాలిన్ కాలంలో రాసిన పాటకు 2000లో, పుతిన్ వచ్చాక, అదే బాణీలో కొత్త మాటలు కట్టిందీ ఆయనే. ఆంద్రేయ్ తమ్ముడు నికితా కూడా పేరుమోసిన దర్శకుడు. అలాంటి ఇంట్లో 1937లో పుట్టిన ఆంద్రేయ్ మాత్రం అమ్మ వైపు ఇంటిపేరు పెట్టుకుని కొంచలోవ్‌స్కీ అయ్యారు. పియానో నేర్చుకుంటూ నేర్చుకుంటూ సినిమా చదువుకు మళ్లారు. అక్కడ తోటి విద్యార్థి తార్కోవ్‌స్కీతో స్నేహం కుదిరింది. 'ఆంద్రేయ్ రుబ్ల్యోవ్' స్క్రిప్టు ఇద్దరూ కలిసి రాసిందే.

తొలి సినిమా 1965లో. 'జమీల్యా' రచయితగా మన పాఠకులకూ తెలిసిన ఐత్మాతోవ్ రాసిన 'తొలి ఉపాధ్యాయుడు' కథ అది.

అసలు సాహసం రెండో సినిమాతో మొదలైంది. 'ఆస్యా క్ల్యాచినా కథ' కోసం కెమెరా పట్టుకుని వోల్గా ప్రాంతంలోని ఓ పల్లెకు వెళ్లారు. కుంటుతూ నడిచే ఆస్యాగా ఈయా సావ్వినా నటించారు. ఆమె, మరో ఒకరిద్దరు తప్ప తెర మీద కనిపించేవాళ్లంతా ఊరి జనమే. పొలం పనుల మధ్య విశ్రాంతిగా కూర్చుని యుద్ధం గురించి, జైలు శిబిరం నుంచి తిరిగొచ్చిన రోజుల గురించి చెప్పుకుంటారు. వాళ్ల కథలు వాళ్లవే. కొల్ఖోజు (ఉమ్మడి వ్యవసాయ క్షేత్రం) అంటే పచ్చని పంటలు, నవ్వుమొహాలు అని పోస్టర్లు వేసుకునే ప్రభుత్వానికి ఇది మింగుడుపడలేదు. సినిమా ఇరవయ్యేళ్లు డబ్బాల్లోనే ఉండిపోయింది. గోర్బచేవ్ వచ్చాక గానీ జనం చూడలేదు.

'సిబిరియాడా'కు 1979లో కాన్ ఉత్సవంలో జ్యూరీ ప్రత్యేక బహుమతి వచ్చింది. ఆ వెంటనే అమెరికా ప్రయాణం. జపాన్ దర్శకుడు కురొసావా ఎప్పుడో రాసి పక్కన పెట్టిన కథతో 'రన్ అవే ట్రైన్' తీస్తే మూడు ఆస్కార్ నామినేషన్లు దక్కాయి. స్టాలోన్‌తో మొదలుపెట్టిన 'టాంగో అండ్ క్యాష్' మాత్రం పూర్తికాకముందే చేజారింది. తరవాత 2010లో దాదాపు 9 కోట్ల డాలర్లతో తీసిన 'నట్‌క్రాకర్' బోర్లాపడింది. పెద్ద డబ్బు ఈయన చేతికి అచ్చిరాలేదనే చెప్పాలి.

మళ్లీ పల్లె దారి పట్టారు. ఉత్తరాన కెనొజెరో సరస్సు ఒడ్డున, పడవలో ఉత్తరాలు, పింఛన్లు పంచే పోస్టుమాన్ కథ. నిజం పోస్టుమానే హీరో! పడవ మోటారు దొంగతనం పోతే ఆయన బతుకే ఆగిపోతుంది. అదే ఊరి వెనక ఆకాశంలోకి రాకెట్ లేస్తుంది. అంతరిక్ష కేంద్రం ఆ పక్కనే మరి. ఈ సినిమాకే 2014లో వెనిస్‌లో ఉత్తమ దర్శకుడిగా వెండి సింహం అందుకున్నారు. రెండేళ్లకు 'రాయ్' సినిమాకు మరోటి.

ఎనభై దాటిన వయసులో 'ప్రియమైన కామ్రేడ్స్' తీశారు, నలుపు తెలుపుల్లో. మాంసం, వెన్న ధరలు పెంచారని 1962లో నొవొచెర్కాస్క్ కార్మికులు వీధికెక్కితే జరిగిన కాల్పుల కథ. ఆ కాల్పుల సంగతి కూడా ఆస్యా సినిమాలాగే ఇరవయ్యేళ్లకు పైగా మూసిపెట్టిందే. రెండూ బయటపడింది ఒకే కాలంలో. చౌకులో రక్తం ఎంత కడిగినా పోవడం లేదంటే పైన కొత్త తారు వేయించేస్తారు సినిమాలో. యువతను పిలిచి డాన్సు పెట్టించేదీ అక్కడే.