పొలం చేజారక ముందే ఇంజంక్షను

కండలేరు సముద్రంలో కలిసే కృష్ణపట్నం పరిసరాలలో గట్టు తగాదా కొత్తది కాదు. అయితే 2008లో కొత్త రేవు తెరిచాక జానెడు నేలకే లెక్క వేరైంది. ఒక పక్క వరి మడి, పక్కనే రొయ్యల గుంట. మధ్యనున్న కట్ట ఎవరు జరిపినా రెండోవాడికి నష్టమే. తగాదా ముదిరితే "కోర్టుకు పోయి ఇంజంక్షను తెచ్చుకో" అని పదిమందీ సలహా చెబుతారు. అది ఏం చేయగలదో, ఏం చేయలేదో చెప్పేవారు మాత్రం తక్కువ.

ఇంజంక్షను అంటే ఆపుదల ఉత్తరువు. మీ స్వాధీనంలోని భూమి జోలికి ఫలానావాడు రాకూడదని సివిలు కోర్టు ఇచ్చే ఆజ్ఞ. ఇది ఉన్నదాన్ని కాపాడుతుంది గాని పోయినదాన్ని తెచ్చిపెట్టదు. పొలం అవతలివాడి చేతిలోకి పోయాక వట్టి ఇంజంక్షను దావా నిలవదు. అప్పుడు స్వాధీనం ఇప్పించమనే అడగాలి. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షను కింద, చట్టప్రకారం కాకుండా వెళ్లగొట్టిన ఆరు నెలల లోపల దావా వేస్తే, హక్కు ఎవరిదన్న చర్చలోకి పోకుండానే స్వాధీనం తిరిగి ఇప్పించవచ్చు. ప్రభుత్వం మీద మాత్రం ఈ సెక్షను పనికిరాదు. పెద్దమనుషుల చుట్టూ ఏడు నెలలు తిరిగారో, ఈ దారి మూసుకుపోయిందన్నమాటే. ఆపైన హక్కు రుజువు చేసుకుంటూ పెద్ద దావా నడపవలసిందే.

మరి పొలం మీ స్వాధీనంలోనే ఉందని కోర్టుకు ఎట్లా తెలియాలి? అడంగలు నకలు, పట్టాదారు పాసుపుస్తకం, నీటితీరువా రసీదులు, పంటరుణం కాగితాలు, మోటారు కరెంటు బిల్లులు, చుట్టుపక్కల రైతుల సాక్ష్యం, ఇవన్నీ పనికివస్తాయి. అడంగలులో పేరుంటే చాలునని కొందరి ధీమా. అది అనుభవానికి ఆధారమే గాని హక్కును పుట్టించదు సుమా! ఇంకొక సంగతి. దావా షెడ్యూలులో సర్వే నంబరు, విస్తీర్ణం, నాలుగు హద్దులు మీరే దగ్గరుండి చదివించుకోండి. హద్దు తప్పు పడితే ఎంత నిజమైన కేసైనా తేలిపోతుంది. గట్టు ఎక్కడన్నదే తగాదా అయితే, సర్వేయరు సాయంతో కొలిపించడానికి కమిషనరును వేయమని కోర్టును కోరవచ్చు.

దావా తేలేసరికి ఏళ్లు పడుతుంది గనుక, ఈలోగా తాత్కాలిక ఇంజంక్షను కోసం సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డరు కింద దరఖాస్తు పెడతారు. కోర్టు మూడు విషయాలు చూస్తుంది. పైపైన చూడగానే మీ కేసులో బలముందా? ఉత్తరువు ఇవ్వకపోతే మీకు కలిగే ఇబ్బంది, ఇస్తే వాడికి కలిగే ఇబ్బంది కంటే ఎక్కువా? ఆ నష్టం తరువాత డబ్బుతో పూడేదేనా? కట్టకు గండి కొట్టి వరి మడిలోకి ఉప్పునీళ్లు వదిలితే ఒక్క పంటతో పోదు, నేలే చవుడు బారుతుంది. ఇట్టిది అఫిడవిట్టులో విడమరచి రాయించాలి. "తీరని నష్టం" అని ఒక్క మాట రాసి ఊరుకుంటే చాలదు.

ఆలస్యమైతే పని చెడుతుందనుకుంటే అవతలివాడికి నోటీసు లేకుండానే ఉత్తరువు ఇస్తారు. అట్లా ఇచ్చినప్పుడు కాగితాలు వాడికి వెంటనే పంపించి, పంపినట్లు మరునాటికల్లా అఫిడవిట్టు దాఖలు చేయాలి. ముప్పై రోజులలో దరఖాస్తు తేల్చడానికి కోర్టు ప్రయత్నించాలని నియమం. ఒక్కొక్కప్పుడు "యథాతథ స్థితి" అని ఉత్తరువు వస్తుంది. ఆనాటికి ఎవరు స్వాధీనంలో ఉన్నారో అందులో రాసి లేకపోతే ఇద్దరూ తమదే గెలుపంటారు, గట్టు మీద కొట్లాట మళ్లీ మొదలు. ఆ మాట స్పష్టంగా రాయమని ప్లీడరు చేత అడిగించండి.

హక్కు మీదనే గట్టి వివాదముంటే ఒట్టి ఇంజంక్షను చాలదు. వరంగల్ మట్టెవాడలో స్థలాల మీద 1978లో మొదలైన ఇంజంక్షను దావా సుప్రీంకోర్టు దాకా పోయింది. హక్కు మీద నీడ పడినప్పుడు హక్కు ప్రకటన కూడా కోరవలసిందని చెప్పి, 2008లో ఆ కోర్టు దావా కొట్టివేసింది. ముప్పై ఏళ్లు!

ఎదుటివారు సర్కారు అయితే మామూలుగా రెండు నెలల ముందు 80వ సెక్షను నోటీసు ఇవ్వాలి. అత్యవసరమైతే కోర్టు అనుమతితో ముందే దావా వేయవచ్చు. రేవులకు, కర్మాగారాలకు 2013 చట్టం కింద భూమి సేకరించే వ్యవహారంలో సివిలు కోర్టు ఇంజంక్షను దొరకదు, 63వ సెక్షను అడ్డం. అక్కడ హైకోర్టు రిట్టే దారి.

ఉత్తరువు చేతిలో ఉండగా ఎదుటివాడు దాటి వస్తే కర్ర పట్టకండి. తేదీ, సాక్షుల పేర్లు రాసిపెట్టి అదే కోర్టులో 39వ ఆర్డరు 2-ఎ రూలు కింద దరఖాస్తు పెట్టండి. ధిక్కరించినవాడి ఆస్తి జప్తు చేయడానికీ, మూడు నెలల వరకు సివిలు జైలుకు పంపడానికీ కోర్టుకు అధికారముంది.