రెండేళ్ల సినిమా, పద్నాలుగు నెలల స్టూడియో

చెక్ సినిమా తొలినాళ్ల చరిత్రలో మాక్స్ ఉర్బన్ పేరు పక్కన రెండు అంకెలు చెబితే చాలు. సినిమాలు తీసింది రెండు మూడేళ్లు. ఆయన గీసిన భవనం నిలబడి తొంభై ఏళ్లు దాటింది.

1882లో ప్రాగ్‌లో పుట్టారు. చదివింది ఆర్కిటెక్చర్. ముప్పయ్యో ఏట, 1912లో, సినిమా కంపెనీ పెట్టారు. దాని పేరు ఆసుమ్. నాలుగు ఇంగ్లిషు అక్షరాల ఆ పేరులో మొదటి రెండూ ఆయన భార్య, రంగస్థల నటి ఆండులా సెడ్లాచ్‌కోవావి. తర్వాతి రెండే ఆయనవి. న్యాయమే! టికెట్టు కొని వచ్చేవాళ్లు ఆమె ముఖం చూడటానికే వచ్చేవాళ్లు. కథ రాయడం, డబ్బు సర్దడం, దర్శకత్వం అన్నీ ఈయన నెత్తినే.

అప్పటి సినిమా ఎంతుండేది? 1898లో యాన్ క్రిజెనెట్స్కీ లూమియేర్ కెమెరాతో తీసిన తొలి చెక్ చిత్రాల్లో ఒక్కో చుట్ట సుమారు 17 మీటర్లు. మీటరుకు 52 పైచిలుకు ఫ్రేములు, సెకనుకు 16 చొప్పున తిప్పితే నిమిషంలోపే అయిపోతుంది. 300 మీటర్ల రీలైతే పావుగంట దాటుతుంది. కథ చెప్పడానికి ఆ పావుగంట కావాలి, నటులు కావాలి, పెట్టుబడి కావాలి. చిక్కంతా పెట్టుబడి దగ్గరే. 1910 జనాభా లెక్కల ప్రకారం ఆస్ట్రియా ఏలుబడిలో చెక్ మాట్లాడేవారు 60 లక్షల పైచిలుకు. పెద్ద దేశాల చిత్రాలతో పోటీపడి, అంత చిన్న బజారులో ఖర్చు రాబట్టుకోవాలి.

ఉర్బన్ జంకలేదు. 1912లో ‘బట్టలే మనిషిని చేస్తాయి’ అనే అర్థం వచ్చే పేరుతో హాస్యచిత్రం తీశారు. 1913లో స్మెతనా ఒపెరా ‘అమ్ముడుపోయిన పెళ్లికూతురు’ను వెండితెరకెక్కించారు. 1866 నుంచి చెక్ జనం పాడుకుంటున్న ఒపెరా అది. సినిమా మాత్రం మూకీ! పాట వినిపించని ఒపెరాకు జనాన్ని రప్పించాలనుకోవడం సాహసమే అనాలి.

1914లో ఆసుమ్ మూతపడింది. జులై 28న ప్రపంచయుద్ధం మొదలైంది. ఉర్బన్ మళ్లీ డ్రాయింగ్ బల్ల దగ్గరకు వెళ్లిపోయారు.

పదిహేడేళ్లు గడిచాయి. ఈలోగా సినిమాకు మాటొచ్చింది. మూకీకి వెలుతురుంటే చాలు, అద్దాల పైకప్పు సరిపోయేది. టాకీకి బయటి చప్పుడు లోపలికి రాకూడదు; మందపాటి గోడలు, లోపలే దీపాలు కావాలి. నిర్మాత మిలోష్ హావెల్ వ్ల్తావా నది పైనున్న బారాండోవ్ గుట్టమీద అలాంటి స్టూడియో కట్టించాలనుకున్నారు. (తర్వాత దేశాధ్యక్షుడైన వాత్స్లావ్ హావెల్‌కు ఈయన బాబాయి.) నమూనా గీసే పని ఉర్బన్‌కు అప్పగించారు. 1931 నవంబరులో పని మొదలైంది, 1933 జనవరిలో షూటింగ్ మొదలైంది. మొత్తం 14 నెలలు.

కెమెరా వెనక నిలబడ్డ ఆర్కిటెక్టు కాబట్టి, స్టూడియోకు ఏం కావాలో ఆయనకు వేరొకరు చెప్పాల్సిన పనిలేదు. నా లెక్కలో చెక్ సినిమాకు ఆయన చేసిన అసలు మేలు ఆ 14 నెలలదే. ఆసుమ్ చిత్రాల్లో చాలావరకు ఇవాళ దొరకవు. 1959లో ఉర్బన్ కన్నుమూశారు. 8 ఆస్కార్లు గెలిచిన 1984 నాటి ‘అమాడియస్’కు కొన్ని సెట్లు వేసింది బారాండోవ్‌లోనే.