బహుపాత్రధారిణి శ్రీమతి రాధిక

నటీమణులను గూర్చి మనలో రెండు తెఱగుల మాటలు వినవచ్చుచుండును. రూపమును పొగడుట యొకటి, వృత్తిని దూరుట వేరొకటి. వారి శ్రమను విచారించువారు మాత్ర మరుదు. శ్రీమతి రాధికా శరత్‌కుమార్ గారి నటజీవిత మట్టి విచారమునకు మిక్కిలి తగినదని మేము తలంచుచున్నాము.

ఈమె తమిళ నటుడు ఎం. ఆర్. రాధా గారి పుత్రిక. నాగభూషణము గారు తెలుగునాట ఊరూర ప్రదర్శించిన ‘రక్తకన్నీరు’నకు మూలమైన తమిళ నాటకమున ప్రధానపాత్రధారి ఆయనయే. 1978లో భారతీరాజా గారి ‘కిళక్కే పోగుం రైల్’ అను తమిళ చిత్రమున పల్లెపడుచు వేషముతో ఈమె తొలిసారి తెరపై కన్పట్టెను.

మనవారి కీమె యాత్మీయురాలైనది 1981లో వచ్చిన ‘న్యాయం కావాలి’ చిత్రముతో. డి. కామేశ్వరి గారి ‘కొత్త మలుపు’ నవల దానికి మూలము. వంచితయైన యువతి చాటున కుమిలిపోక న్యాయస్థానము నాశ్రయించుట అందలి కథ. తప్పు పురుషునిదైనను తలవంపులు స్త్రీకే యగుట మన మెఱుగనిదా? ఆ పాత్రకు ఈమె ఫిలింఫేర్ పురస్కారమును బడసెను. 1986లో విశ్వనాథ్ గారి ‘స్వాతిముత్యం’లో బిడ్డతల్లియగు వితంతువు లలితగా నటించెను. అమాయకుడొకడు తన మెడలో తాళి కట్టినప్పటి యామె దిగ్భ్రమ, పిదప క్రమముగా పుట్టిన ఆదరము, మాటలకన్న కన్నులే యెక్కువగా తెలిపినవి.

నాయికకు వయసు మీఱగానే తెర యామెను మఱచుట లోకరీతి. ఈమె యందుకు లోబడలేదు. 1985లో విడుదలైన ‘మీండుం ఒరు కాదల్ కదై’ని నిర్మించి జాతీయ పురస్కారము నందియుండెను. 1993లో ‘కిళక్కు చీమయిలే’లో పుట్టినింటికి మెట్టినింటికి నడుమ నలిగిన చెల్లెలి వేషమును ధరించెను. పిమ్మట రాడాన్ సంస్థ ద్వారా దూరదర్శన ధారావాహికల నిర్మాణమునకు పూనుకొనెను.

1999లో మొదలైన ‘చిత్తి’ తెలుగున ‘పిన్ని’ యను పేర ఇంటింట ప్రవేశించినది. సవతితల్లి యనగానే ధ్రువుని తండ్రితొడ నుండి త్రోసిన సురుచియే మనకు స్ఫురించును. అట్టి శంకతో వినబడు పిలుపునే కథకు పేరుగా నుంచి, ఆ స్త్రీనే నాయికగా నిలుపుట సాహసము. 2013 మొదలు 2018 వఱకు సాగిన ‘వాణి రాణి’లో న్యాయవాదినిగను, గృహిణిగను రెండు వేషములును తానే ధరించెను. విద్యావతి గొప్పదా, గృహిణి గొప్పదా యని వాదులాడు మన కొకే ముఖమున ఇరువురును కన్పట్టుట యొక పాఠమే.

ధారావాహికలన్నియు మేలైనవని మేమనము. కన్నీరే సరకుగా, అత్తాకోడండ్ర పగలే కథగా సాగునవి పెక్కు గలవు. కావున చూచునపుడు వివేకము వలయును. నటి యెంత యేడిపించినదని గాక, మన తోడిస్త్రీని ఎంతవఱకు తెలియజేసినదని యడుగుదము. వంచితయు, వితంతువు, పినతల్లియు మన వీధులలోనే యున్నారు. తెరపై వారికై కన్నీరు కార్చి, ముంగిటికి వచ్చినపుడు తలుపు మూసికొనుట తగదు గదా!