రసాయనవిద్యయు విషవాయువును

పొలములో చల్లు యూరియా బస్తాను చూడని విద్యార్థి మనలో అరుదు. ఆ యూరియాకు మూలమైన అమ్మోనియాను గాలిలోని నత్రజనినుండి తయారుచేయు మార్గమును 1909వ సంవత్సరమున చూపినవాడు ఫ్రిట్జ్ హేబర్ అను జర్మను రసాయనశాస్త్రజ్ఞుడు. నేడు కోట్లాది జనుల యన్నమునకు ఆ విద్య యాధారము. అందులకే ఆయనకు 1918వ సంవత్సరపు నోబెల్ బహుమానము లభించెను.

ఈ పండితుడే 1915 ఏప్రిల్ 22వ తేదీ సాయంకాలమున బెల్జియము దేశమందలి ఈప్రె పట్టణము చెంత మరియొక కార్యమును నడిపించెను. జర్మను సేన వేలకొలది ఇనుప సిలిండర్లనుండి దాదాపు 150 టన్నుల క్లోరిన్ వాయువును శత్రువులవైపు గాలివాటున విడిచెను. క్లోరిన్ గాలికంటె రెండున్నర రెట్లు బరువైనది. కావున నది పైకి లేవక, సైనికులు దాగియున్న కందకములలోనికి దిగెను. ఊపిరితిత్తులలోని తడితో గూడి ఆమ్లమై వానిని దహించెను. గుండ్లనుండి కాపాడు కందకమే మృత్యుకూపమాయెను.

ఇట్టిదానికి నిషేధము లేదా యని మీరడుగవచ్చును. విషవాయువులను వెదజల్లు గుండ్లను ప్రయోగింపమని 1899లో హేగ్ నగరమున జర్మనీతో గూడ పలురాజ్యము లొప్పుకొనియుండెను. తాము విడిచినది సిలిండర్లనుండియే గాని గుండ్లనుండి కాదని జర్మను పక్షమువారు సమర్థించుకొనిరి. ఒడంబడికలోని అక్షరము నిలిచెను. దాని ధర్మము నశించెను.

విషవాయువు యుద్ధమును త్వరగా ముగించునని హేబర్ వాదించెను. జరిగినది వేరు. ఐదు నెలలకు ఇంగ్లీషువారును ఫ్రాన్సులోని లూస్ వద్ద క్లోరిన్‌నే విడిచిరి. గాలి సరిగా వీవకపోవుటచే కొంత వాయువు వారి సైనికులమీదికే వచ్చెను. 1917లో చర్మమును పొక్కించు మస్టర్డ్ వాయువు బయలుదేరెను. యుద్ధము 1918 నవంబరువరకు సాగెను.

1925లో జెనీవా ఒడంబడిక విషవాయువులను, రోగక్రిములను యుద్ధమున వాడుట నిషేధించెను. వానిని చేసి దాచుకొనుటను నిషేధింపలేదు. ఆ లోపమును తీర్చుటకు క్రిముల విషయమున 1972వ సంవత్సరమువరకు, రసాయనముల విషయమున 1993వరకు లోకము వేచియుండవలసివచ్చెను. మన దేశము తన రసాయనాయుధములను 2009 నాటికి నాశనము చేసెను. రాజ్యములు ప్రకటించిన నిల్వలలో కడపటివి 2023 జూలైలో అమెరికాలో నాశనము చేయబడెను. అయినను ఈ నడుమ 1988లో ఇరాకులోని హలబ్జాయందును, 2013లో సిరియాయందును స్త్రీలును పిల్లలును విషవాయువునకు బలియైరి.

విద్యార్థులారా, మన త్రాగునీటిని శుద్ధిచేయునదియు క్లోరినే. సీసామీద పదార్థము పేరు వ్రాయబడియుండును గాని, దాని నెందులకు వాడవలెనో వ్రాయబడి యుండదు. శాసనము దీనిని వలదనుచున్నదా యని మాత్రమే యడిగినవాడు సిలిండరు మూత తెరచెను. దీనివలన నెదుటివాని కేమగునని కూడ నడుగుట నేర్చుకొనుడు. ఆ ప్రశ్న ఏ పరీక్షాపత్రమునను రాదు. అయినను విద్యావంతుడు ప్రతిదినమును దానికి జవాబు చెప్పవలసియే యుండును.